దిష్టి తీసేముందు

మా అత్తగారు ఎవరినీ ఎదటపడి మెచ్చుకునేవారు కాదు. కాపరానికి వచ్చిన కొత్తల్లో నాకిది పెద్ద లోటుగా ఉండేది. పుట్టింట్లో పాలు పొంగకుండా దింపినా "మా తల్లే" అనిపించుకున్నదాన్ని. ఇక్కడ గుత్తివంకాయ కూర అందరూ మళ్ళీ మళ్ళీ అడిగి వేయించుకున్నా ఆవిడ నోటి వెంట ఒక్క మంచిమాట రాలేదు. మర్నాడు చారులో కాస్త పులుపు ఎక్కువైతే మాత్రం, "ఏమ్మా, చింతచెట్టు మన పెరట్లోనే ఉందనుకున్నావా?" అని ఠక్కున అనేశారు.

ఒకసారి ఉక్రోషం పట్టలేక అడిగేశాను. "బాగున్నప్పుడు బాగుందంటే ఏం పోయిందండీ అత్తయ్యగారూ?" అని. ఆవిడ కోప్పడలేదు. వత్తులు చేసుకుంటున్నవారల్లా చెయ్యి ఆపి, "బాగుందంటే మర్నాడు బాగుండదమ్మా. నేను చూశాను" అన్నారు.

నిజంగానే ఆవిడ దగ్గర దాఖలాలు ఉన్నాయి. పుట్టింట్లో గేదె పూటకి నాలుగు శేర్లు ఇస్తోందని మేనత్త మురిసిపోతే మర్నాడు మూడు శేర్లకి దిగింది. మా వారు మూడేళ్ళ పిల్లాడుగా ఉన్నప్పుడు ముద్ద మిగల్చకుండా తిన్నాడని పక్కింటావిడ ముచ్చటపడితే మర్నాడు కంచం దగ్గరికే రాలేదు. మల్లెపందిరి విరగబూసిందని నలుగురూ ఆహా అన్నారు, మర్నాడు గుప్పెడు మొగ్గలు కూడా దొరకలేదు. "అదే కసురుకున్నామనుకో, మర్నాటికి దారికొస్తారు. పనిమనిషయినా అంతే, పిల్లలయినా అంతే" అని, చేసిన వత్తిని నలిపి పక్కన పెట్టారు.

నేను బి.ఏ. చదువుకున్నదాన్ని కదా, లోలోపల నవ్వుకున్నాను. పాతకాలపు చాదస్తం అనుకున్నాను. నాకు పిల్లలు పుట్టి బళ్ళో చేరేదాకా ఆ నవ్వు అలాగే ఉంది.

మావాడు ఏడో తరగతిలో ఉండగా ఒక యూనిట్ పరీక్షలో లెక్కల్లో 50కి 19 తెచ్చాడు. ఆవేళ నేను పంపవలసిన సీరియల్ భాగం ఒక్క పేజీ కూడా కదలడం లేదు. మధ్యాహ్నం గ్యాస్ అయిపోయింది. దానిమీద ఈ కాగితం. చెంప ఛెళ్ళుమనిపించాను. వాడు ఏడవలేదు. చెంప మీద చెయ్యి కూడా పెట్టుకోలేదు. కాగితం మడిచి సంచిలో పెట్టుకుని లోపలికి వెళ్ళిపోయాడు. నెల తిరిగేసరికి మళ్ళీ పరీక్ష, ఈసారి 31. చెప్పొద్దూ, నాకు లోపల ఎంత తృప్తిగా అనిపించిందో! దెబ్బకి దెయ్యం దిగింది అనుకున్నాను.

అమ్మాయి సంగతి ఇంకో రకం. అది 47 తెచ్చింది. ఆ సంగతి వీధంతా చెప్పుకున్నాను. పట్టు పరికిణీ కొన్నాను. తరవాతి పరీక్షలో 38. మెచ్చుకునేసరికి నెత్తికెక్కింది కాబోలు అనుకున్నాను. ఆ మీదట అది మంచి మార్కులు తెచ్చి కాగితం చూపించినప్పుడు, వస్తున్న నవ్వు ఆపుకుని "ఫర్వాలేదు" అన్నాను. ఆ మాట అంటూండగానే ఎక్కడో విన్న గొంతులా అనిపించింది. అది అత్తయ్యగారి గొంతు. అప్పటికి ఆవిడ పోయి నాలుగేళ్ళు.

నా తప్పేమిటో నాకు తెలిసింది పెద్ద పుస్తకాలు చదివి కాదు, గవ్వలాట ఆడి.

పక్కవాటాలో ఉండే ఒకావిడ ఆడపిల్లల కాలేజీలో గణాంకశాస్త్రం చెప్పేవారు. సంక్రాంతి సెలవుల్లో ఒక మధ్యాహ్నం పిల్లలు గవ్వలు ముందేసుకు కూర్చున్నారు. మేమిద్దరం చేగోడీలు చుడుతూ మాటల్లో పడ్డాం. పిల్లల్ని పొగిడితే చెడతారనీ, తిడితే బాగుపడతారనీ నా అనుభవంలో తేలిందని నేను కాస్త గొప్పగానే చెప్పాను. ఆవిడ పిండి చేతులు కడుక్కొచ్చి, "గవ్వలు ఇలా ఇవ్వండిరా" అన్నారు.

ఆరు గవ్వలు. వేసినప్పుడల్లా ఎన్ని వెల్లకిలా పడ్డాయో మావాడు కాగితం మీద రాయాలి. ఒక్కటే పడినా, అసలు పడకపోయినా అమ్మాయి ఆ గవ్వల్ని కడుపారా తిట్టాలి. అయిదు గానీ ఆరు గానీ పడితే ముద్దు చేసి మెచ్చుకోవాలి. రెండు, మూడు, నాలుగు పడితే ఏమీ అనకూడదు. పిల్లలకి ఇంతకంటే ఏం కావాలి! "మొద్దు గవ్వల్లారా, సిగ్గులేదూ, పక్కింటి గవ్వల్ని చూసి నేర్చుకోండి" అని నన్ను అచ్చంగా దింపేస్తూ అది తిడుతుంటే నాకు ఎటు చూడాలో తెలియలేదు.

దీపాలు పెట్టే వేళ దాకా వందసార్లు వేశారు. కాగితం లెక్క చూస్తే, తిట్లు తిన్నది పదకొండుసార్లు. అందులో పదిసార్లు తిట్టిన వెంటనే వేసిన పందెంలో సంఖ్య పెరిగింది. మెచ్చుకున్నది పన్నెండుసార్లు. అందులో పదిసార్లు వెంటనే తగ్గింది.

"చూశారా వదినగారూ, గవ్వలు కూడా తిడితేనే దారికొస్తున్నాయి. పొగిడితే వాటికీ నెత్తికెక్కుతోంది" అన్నారావిడ.

"గవ్వలకి చెవులున్నాయా ఏమిటండీ!" అన్నాను.

"లేవు. అదే నేనూ చెప్పేది."

ఒకటి పడ్డాక ఇంకా కిందికి దిగడానికి చోటెక్కడుంది? ఆరు పడ్డాక పైకి వెళ్ళడానికి చోటెక్కడుంది? గవ్వల మామూలు మూడు చుట్టూ ఉంటుంది. ఎప్పుడయినా ఆ మామూలుకి దూరంగా పడితే, తరవాతిసారి మామూలు దగ్గరికి వచ్చే అవకాశమే ఎక్కువ. పిల్లల మార్కుల్లో కూడా ఇదే లెక్క కొంత కలిసి ఉంటుందట. వాడికి వచ్చిన చదువు ఒక పాలు. ఆవేళ ఏ ప్రశ్న పడింది, రాత్రి నిద్రపట్టిందా, ముక్కు దిబ్బడగా ఉందా, పక్క బెంచీవాడు గోల చేశాడా అన్నవన్నీ కలిసి ఇంకో పాలు. మరీ తక్కువ మార్కులు వచ్చినరోజున ఆ రెండో పాలు వాడికి ఎదురు తిరిగిందన్నమాట. అది ప్రతిసారీ అంతగా ఎదురు తిరగదు. 31 వాడికి మామూలు. 19 వాడి దురదృష్టం. మధ్యలో నా చెయ్యి వెళ్ళి గొప్ప కొట్టేసింది.

"అయితే కొట్టకపోయినా పెరిగేవేనా?" అని అడిగాను. గొంతు కొంచెం వణికిందనుకుంటాను.

"బహుశా పెరిగేవే. కొట్టకుండా ఊరుకుని చూశారా మీరెప్పుడయినా?"

చూడలేదు. చూడలేం కూడా. అదే కదా అసలు చిక్కు. మరీ కోపం వచ్చేది మరీ చెడ్డరోజునే. ఆ రోజున ఊరుకున్న తల్లి ఎక్కడుంది, ఊరుకుంటే ఏమవుతుందో కనిపెట్టడానికి?

ఆవిడే చెప్పారు, డేనియల్ కానమన్ అనే మనస్తత్వ శాస్త్రజ్ఞుడి సంగతి. 2002లో ఆర్థికశాస్త్రానికి నోబెల్ బహుమతి అందుకున్నారాయన. 2024లో పోయారు. 1960ల్లో ఇజ్రాయెల్ వైమానిక దళంలో విమానం నడపడం నేర్పే గురువులకి ఆయన పాఠం చెబుతూ, శిక్ష కంటే మెప్పు వల్లే మనిషి బాగా నేర్చుకుంటాడని అన్నారట. వెంటనే ఒక పెద్ద గురువు లేచి, "అయ్యా, అదంతా మీ పుస్తకాల్లో. బాగా నడిపిన కుర్రాణ్ణి మెచ్చుకుంటే తరవాతిసారి చెడగొడతాడు. చెడగొట్టినవాణ్ణి చెడామడా తిడితే తరవాతిసారి బాగా నడుపుతాడు. మేం రోజూ చూస్తున్నాం" అన్నాడట. మా అత్తగారి మాటే! సముద్రాలకి అవతల, యుద్ధవిమానాల మధ్య. కానమన్ ఆయనతో వాదించలేదు. నేల మీద ఒక గురి గీసి, ఆ గురువుల్నే దానికి వీపు పెట్టి నిలబెట్టి, ఒక్కొక్కరిచేత రెండేసి నాణేలు వెనక్కి విసిరించారు. మొదటిసారి గురికి దగ్గరగా వేసినవాళ్ళు రెండోసారి చాలావరకు దూరంగా వేశారు. దూరంగా వేసినవాళ్ళు చాలావరకు దగ్గరగా వేశారు. ఎవరూ ఎవర్నీ పొగడలేదు, తిట్టలేదు. 1974లో ఆయన, మిత్రుడు ఆమోస్ త్వెర్‌స్కీతో కలిసి 'సైన్స్' పత్రికలో రాసిన వ్యాసంలో ఈ గురువుల ప్రస్తావన ఉంది.

కానమన్ చివరికి తేల్చిన మాట మాత్రం నాకు రెండు రాత్రులు నిద్ర లేకుండా చేసింది. బాగా చేసినప్పుడు మెచ్చుకుంటాం కాబట్టి మెచ్చుకున్నాక చాలాసార్లు మనకి నిరాశ ఎదురవుతుంది. చెడ్డగా చేసినప్పుడు దండిస్తాం కాబట్టి దండించాక చాలాసార్లు మనకి బహుమతి దొరుకుతుంది. అంటే లోకం పద్ధతే మనకి కాఠిన్యం నేర్పుతూ ఉంటుంది, మనం అది అనుభవం అనుకుంటాం. అత్తయ్యగారు అబద్ధం చెప్పలేదు. ఆవిడ చూసింది చూసినట్టే చెప్పారు. పాపం, ఆ చూసినదాన్ని నమ్మి, ఆరుగురు పిల్లల్లో ఒక్కళ్ళని కూడా నోరారా మెచ్చుకోకుండా జీవితమంతా గడిపేశారు. మా వారు యాభయ్యో పడిలో పడ్డాక కూడా ఏదయినా మంచి కబురు చెప్పాలంటే గొంతు తగ్గించి చెబుతారు.

ఈ లెక్క మొదట పట్టుకున్నది ఫ్రాన్సిస్ గాల్టన్ అనే ఇంగ్లీషాయన. మనుషుల జాతిని మెరుగుపరచాలన్న వెర్రి ఆయనకి ఉండేది, దానివల్ల తరవాత లోకానికి జరిగిన కీడు తక్కువేమీ కాదు. అయినా లెక్క లెక్కే. 1886లో 205 జంటల తల్లిదండ్రుల ఎత్తునీ, ఎదిగిన వాళ్ళ పిల్లలు 928 మంది ఎత్తునీ పక్కపక్కన పెట్టి చూశాడు. బాగా పొడుగాటి తల్లిదండ్రుల పిల్లలు పొడుగే గానీ, సగటున అమ్మానాన్నలంత కాదు. పొట్టివాళ్ళ పిల్లలు పొట్టే గానీ, మరీ అంత పొట్టి కాదు. సంబంధాలు చూసేటప్పుడు టేపు పట్టుకు బయల్దేరే తల్లులు ఇది విని కొంచెం ఊపిరి పీల్చుకోవచ్చు.

ఆ తరవాత చూడండి, నాకు ఎటు తిరిగినా ఇదే కనిపించడం మొదలెట్టింది. దిష్టి ఎప్పుడు తీస్తాం? పిల్ల గుక్కపట్టి ఏడుస్తున్నప్పుడు. ఉప్పూ మిరపకాయలూ పొయ్యిలో వేసేసరికి ఏడుపు తగ్గుతుంది. ఆకుపసరు ఎప్పుడు రాయించుకుంటాం? నడుంనొప్పి ప్రాణం తీస్తున్నప్పుడు. రెండు రోజుల్లో నొప్పి తగ్గుతుంది, పసరుకి పేరొస్తుంది. ఎక్కి దిగే జబ్బులకి, బాగా ఎక్కినరోజున ఏ మందు వేసినా ఆ మందుకి మంచి పేరే. అందుకే కొత్తమందు పరీక్షించేటప్పుడు డాక్టర్లు రోగుల్ని రెండు జట్లు చేసి, ఒక జట్టుకి అసలు మందు, ఇంకో జట్టుకి వట్టి మాత్ర ఇచ్చి చూస్తారు. నా పక్కన ఇంకో నేను ఉండి, మావాణ్ణి కొట్టకుండా ఊరుకున్నట్టన్నమాట.

మా పిన్ని మాత్రం ఈ విషయంలో డాక్టరుకే టోకరా వెయ్యబోయింది. ఆవిడకి చక్కెర జబ్బు. రక్తపరీక్షకి రెండు రోజుల ముందునించీ ఏకాదశి మొదలు. చారన్నం, మజ్జిగ, కాకరకాయ రసం. పరీక్షనాడు పరగడుపు చక్కెర అచ్చం బుద్ధిమంతురాలిలా ఉండేది. ల్యాబు మెట్లు దిగుతూనే ఎదటి మిఠాయి కొట్లో కాజా. కొత్తగా వచ్చిన కుర్ర డాక్టరమ్మ ఒకావిడ హెచ్‌బీఏ1సీ చేయించమంది. మన ఎర్రరక్తకణం బతికేది సుమారు 120 రోజులు. ఆ ఉన్నన్నాళ్ళూ రక్తంలో చక్కెర ఎంత ఉంటే అంతకి తగినట్టు దాని హిమోగ్లోబిన్‌కి అంటుకుంటూ ఉంటుంది. అంచేత ఆ పరీక్ష నిన్నటి ఉపవాసం చూడదు, రెండు మూడు నెలల వెనకనించీ సరాసరి చూస్తుంది. ఫలితం చూసి పిన్ని "నేను తిన్న కాజాలన్నీ అందులో రాసుందే!" అంది. పెద్దదానికి నవ్వాలో ఏడవాలో తెలియలేదు.

వానల లెక్కా ఇలాంటిదే. జూన్ నించి సెప్టెంబరు దాకా దేశం మొత్తానికి పడవలసిన సరాసరి వాన 87 సెంటీమీటర్లని వాతావరణశాఖవారు 1971 నించి 2020 దాకా యాభయ్యేళ్ళ లెక్క తీసి చెబుతున్నారు. 2009లో అప్పటి సరాసరికంటే నూటికి 22 పాళ్ళు తగ్గింది. ఒక ఏడు తగ్గితే నేల ఎడారి అయిపోతోందని అర్థం కాదు. కానీ ఇక్కడే ఇంకో పొరపాటుంది, ఇది మొదటిదానికి అద్దంలో బొమ్మ. భోగినాడు తెల్లవారుజామున మంట దగ్గర చేతులు కాచుకుంటూ ఎవరో ఒకరు, "ఇంత చలి పెడుతుంటే భూమి వేడెక్కిపోతోందంటారేమిటండీ!" అంటారు. ఆ ఒక్క పొద్దుటి చలి నిజమే. 1850-1900 నాటితో పోలిస్తే 2011-2020 దశాబ్దం సుమారు 1.1 డిగ్రీలు ఎక్కువ వేడిగా ఉందని 2021లో ప్రపంచ శాస్త్రజ్ఞుల నివేదిక చెప్పినదీ నిజమే. రోజు రోజుకీ పది డిగ్రీలు ఊగే ఉయ్యాలలో, నూరేళ్ళకి పైగా పట్టి జరిగిన ఆ చిన్న జరుగుడు ఒంటికి తెలియదు. ఊగేదాన్ని చూసి ఏదో అయిందనుకోవడం ఒక తప్పు. ఊగుతోంది కదా అని, మెల్లిగా జరుగుతున్నదాన్ని చూడకపోవడం ఇంకో తప్పు. రెండోది చేసినప్పుడు మనకి తప్పు చేస్తున్నట్టు కూడా ఉండదు. పైగా ఓర్పుగా ఉన్నట్టుంటుంది.

కథలు రాసేవాళ్ళకి ఉత్తరాలు వస్తూ ఉంటాయి. ఒకావిడ రాసింది, పేరూ ఊరూ చెప్పను. భర్త తాగినప్పుడు చెయ్యి చేసుకుంటాడు. మర్నాడు మల్లెపూలు తెస్తాడు. పిల్లల్ని ఎత్తుకుంటాడు, వారంరోజులు దేవుడిలా ఉంటాడు. "నా కన్నీళ్ళకి కరిగి మారాడండీ. ఇప్పటికి అయిదుసార్లు మారాడు" అని రాసింది. నెలలో ఇరవై ఎనిమిది రోజులు మంచివాడేనని కూడా రాసింది. గవ్వలాట ఆడకముందయితే ఓర్చుకోమని రాసేదాన్నేమో. అన్నిటికంటే చెడ్డరోజు తరవాత వచ్చే రోజు దానికంటే మెరుగ్గానే ఉంటుంది తల్లీ, అది మారడం కాదు, ఆయన మామూలుకి రావడం, ఆ మామూలులోనే మళ్ళీ కొట్టే రోజు కూడా ఉంది అని రాశాను. సరాసరి కట్టి మనిషిని మంచివాడనడం కూడా నాకు చేత కాలేదు. ఏడాది పొడుగునా చూస్తే మూసీ సాధువే. 1908 సెప్టెంబరు 28న అదే మూసీ హైదరాబాదులో వేలమందిని పొట్టన పెట్టుకుంది. ఆ వరద తరవాతే ఉస్మాన్ సాగరూ, హిమాయత్ సాగరూ కట్టారు. మిగతా మూడువందల అరవై నాలుగు రోజుల మంచితనం చూసి ఊరుకోలేదు. "కొట్టిన రోజున కేలండర్లో ఒక చుక్క పెట్టండి, ఏడాది అయ్యాక అన్నీ కలిపి చూడండి, ఈలోగా మీవాళ్ళకి ఒకరికయినా చెప్పండి" అని రాశాను. జవాబు రాలేదు.

కేలండర్ సలహా నాకు ఊరికే తోచలేదు. దానికో కారణం ఉంది.

అమ్మ ఆఖరి ఆరేళ్ళూ నా దగ్గరే ఉంది. ఇంట్లో పాల లెక్క ఆవిడదే. గోడకి ఎర్ర అంకెల పెద్ద తెలుగు కేలండరు, ప్రతి గడిలో పెన్సిలుతో ఎన్ని పాకెట్లో రాసేది. నెల కాగానే ఆ కాగితం చింపదు, వెనక్కి తిప్పుతుంది. ఏడాది అయ్యాక కేలండర్ని చుట్టి, దారం కట్టి అటక మీద పెట్టేది. ఎందుకమ్మా అంటే, "ఉంటాయి, ఏం తింటాయా" అనేది.

మతిమరుపు మొదట్లో ఎవరికి ఉండదు? కళ్ళజోడు పెట్టుకుని కళ్ళజోడు వెతకడం, పొయ్యి మీద పాలు పెట్టి మరిచిపోవడం నేనూ చేస్తాను. అమ్మ ఒకరోజు పాలవాడికి రెండుసార్లు డబ్బివ్వబోయింది. మర్నాడు నేను పుట్టిన నక్షత్రం, తిథి, ఆవేళ మంత్రసాని చెప్పిన మాటతో సహా చెప్పింది. ఒకరోజు పూజగదిలో నిలబడి ఎందుకొచ్చానే అని అడిగింది. మర్నాడు సెనగపిండి ఖర్చు నాకంటే ముందు లెక్క కట్టింది. నిన్న బాగానే ఉంది కదా అనుకునేదాన్ని. ఇవాళ నిద్ర చాలలేదు, ఎండ దెబ్బ, ఉపవాసం అనుకునేదాన్ని. ఒక్కోరోజుకి ఒక్కో కారణం దొరుకుతూనే ఉండేది, ఏదీ అబద్ధం కాదు. అలా రెండేళ్ళు గడిచాయి. మందులతో జబ్బు నిలిచిపోతుందని కాదు. తెలిసి ఉంటే పొయ్యి దగ్గరికి ఒంటరిగా పంపేదాన్ని కాదు, నలుగురిలో పరీక్షలు పెట్టేదాన్ని కాదు, ఇంకా మాట్లాడగలిగినప్పుడే అడగవలసినవి అడిగి ఉండేదాన్ని. డాక్టరు మాట చెప్పేసరికి ఆవిడకి నేను ఒక్కోపూట కూతుర్ని, ఒక్కోపూట అక్కని.

ఆవిడ పోయాక అటక దులుపుతుంటే కేలండర్లు కింద పడ్డాయి. హాల్లో చాప మీద ఏడాది వరసన పరిచాను. మొదటి రెండేళ్ళూ గడులన్నీ ముత్యాల్లాంటి అంకెలు. మూడో ఏడు వేసవిలో అక్కడక్కడ ఒక గడి ఖాళీ. దసరాల నించి ఖాళీలు వారానికి ఒకటీ రెండూ. నాలుగో ఏడు ఒకే గడిలో రెండుసార్లు రాసి ఉంది, ఒకదాని మీద ఒకటి. తరవాత అంకెలు గీతలు దాటి పక్క గడిలోకి ఒరిగాయి. అయిదో ఏడు ఏప్రిల్ తరవాత ఏమీ లేదు. అంతా నా కళ్ళ ఎదట గోడకే వేలాడింది. రోజూ పొద్దున్నే తిథి చూసుకునేదాన్ని, ఆవేళ్టి గడి వరకే చూసేదాన్ని. పేజీ వెనక్కి తిప్పి పక్కపక్కన పెట్టి చూసింది మాత్రం ఆ రోజే మొదటిసారి.

నాలుగో ఏడు శ్రావణమాసం కాగితం దగ్గర ఆగిపోయాను. వరలక్ష్మీ వ్రతం శుక్రవారంనాడు పేరంటానికి ఇరవై మంది వచ్చారు. పరవాన్నం అమ్మ చేస్తానంది. బెల్లం వెయ్యడం మరిచిపోయింది. రుచి చూసిన ఒకావిడ మొహమాటంగా నవ్వింది. నేను పేరంటాళ్ళందరి ముందూ, "నీకు చాతకాకపోతే చెప్పచ్చుగా అమ్మా! నా పరువు తియ్యడానికా?" అని కసిరేశాను. అమ్మ తడిచేతులు కొంగుకి తుడుచుకుంటూ అందరినీ చూసి నవ్వడానికి ప్రయత్నించింది.

కేలండర్లో ఆ శుక్రవారం గడి ఖాళీగా ఉంది. శనివారం గడిలో మాత్రం, పాత రోజుల్లోలాగే నిలువుగా, గుండ్రంగా, "మామూలు 2. నిన్న పేరంటానికి అదనం 4. మొత్తం ఇవ్వాల్సింది 6" అని తప్పులేకుండా రాసుంది. ఆ శనివారం నాకు బాగా గుర్తు. అమ్మ పొద్దున్నే లేచి తులసికోట దగ్గర ముగ్గు కూడా పెట్టింది. నేను మా వారితో, "చూశారా, గట్టిగా ఒకమాట అంటే ఎలా ఉందో! అప్పుడప్పుడు అంటూ ఉండాలి" అన్నాను.

ఆ తరవాత అంటూనే ఉన్నాను.